పరువు నష్టం నోటీసు వచ్చిందా? ఈ సలహాలు మాత్రం వినకండి

మండల విలేకరికి లాయరు నోటీసు వచ్చిందంటే ఆ కబురు మధ్యాహ్నానికల్లా ప్రెస్‌క్లబ్బు చేరుతుంది. సాయంత్రానికి సలహాలు మొదలవుతాయి. తోటి విలేకరి ఒకటి చెబుతాడు, బ్యూరో ఇన్‌ఛార్జి ఇంకొకటి, ఇంట్లో మామగారు మరొకటి. అందరూ మేలు కోరే చెబుతారు. కానీ వాటిలో చాలావాటిని నమ్మి నడిచినవాళ్ళు కేసులో ఇంకా లోతుకు దిగబడతారు, లేదంటే కలం పక్కన పెట్టేస్తారు. అందుకని వినకూడని సలహాలను ఒక్కొక్కటే తీసుకుని చెబుతాను. ఇది విలేకరులకు మాత్రమే సంబంధించిన గొడవ కాదు. ఊరి చెరువు కబ్జా గురించి వాట్సాప్ గ్రూపులో పోస్టు పెట్టిన టీచరుకూ, యూట్యూబ్ ఛానల్ నడిపే కుర్రాడికీ ఇదే చట్టం వర్తిస్తుంది.

ముందు చట్టం సంగతి. 1860 నాటి ఇండియన్ పీనల్ కోడ్‌లో 499, 500 సెక్షన్లుగా ఉన్న నేరమే 2024 జూలై 1 నుంచి భారతీయ న్యాయ సంహితలో 356వ సెక్షన్ అయింది. రెండేళ్ళ వరకు సాధారణ జైలు, లేదా జరిమానా, లేదా రెండూ. కొత్తగా సమాజ సేవ అనే శిక్ష కూడా చేర్చారు. ఆ చేర్పు తప్ప మిగతా సరుకంతా దాదాపు దొరల కాలం నాటిదే. సలహా చెప్పేవాళ్ళంతా చివర్లో వచ్చే తీర్పు గురించే ఆలోచిస్తారు. మనిషిని పిండేది తీర్పుకు ముందు నడిచే ఏళ్ళు. ఈ ఒక్క సంగతి మనసులో పెట్టుకుంటే కింది సలహాలు ఎందుకు తప్పో తెలుస్తుంది.

«రాసింది నిజమే కదా, భయమెందుకన్నా?»

అన్నిటికంటే ఎక్కువగా వినిపించే సలహా ఇది. ఎక్కువమందిని దెబ్బతీసేదీ ఇదే. నష్టపరిహారం అడిగే సివిల్ దావాలో రాసింది నిజమని రుజువైతే చాలు, దావా నిలవదు. క్రిమినల్ కేసులో అంత సులువు కాదు. చట్టం ఇచ్చిన పది మినహాయింపుల్లో మొదటిది ఏమంటుందంటే, రాసింది నిజమై ఉండాలి, దాన్ని బయటపెట్టడం ప్రజాహితం కూడా అయి ఉండాలి. రెండూ కావాలి. ఆ మినహాయింపు తనకు వర్తిస్తుందని చూపించుకోవాల్సింది ముద్దాయే. అనుమానానికి తావులేనంత గట్టిగా చూపించనక్కర్లేదు గానీ, నమ్మదగినంతగా చూపించాలి. అది కూడా మాటతో కాదు, కాగితంతో, సాక్షితో.

ఒక సిమెంటు రోడ్డు సంగతే తీసుకోండి. వేసిన మొదటి వానాకాలానికే పెచ్చులూడింది, కాంట్రాక్టరు బిల్లు మొత్తం ఎత్తుకున్నాడు అని రాశారనుకుందాం. మీకా ముక్క చెప్పింది ఏఈ, అంటే అసిస్టెంట్ ఇంజినీరు. టీకొట్టు దగ్గర, గొంతు తగ్గించి చెప్పాడు. రెండేళ్ళ తర్వాత సాక్షి బోనులో నిలబడి అదే మాట చెబుతాడా? ఉద్యోగం చేసుకోవాల్సిన మనిషి, చెప్పడు. మీకు తెలిసిన నిజం వేరు, కోర్టులో నిలబెట్టగలిగిన నిజం వేరు. ఈ రెండింటి మధ్య ఖాళీలోనే కేసులు వేసేవాళ్ళు కూర్చుంటారు.

ఆ ఖాళీని పూడ్చే పని వార్త రాయకముందే జరగాలి. ఎస్టిమేటులో రోడ్డు మందం ఎంత చూపారు? కొలతలు నమోదు చేసే ఎం-బుక్‌లో ఎంత కొలిచినట్టు రాశారు? పెచ్చులూడిన చోట టేపు పెడితే ఎంత వచ్చింది? ఈ మూడు అంకెలు పక్కపక్కన పెట్టగలిగితే ఏఈ అవసరమే ఉండదు. మొదటి రెండూ సమాచార హక్కు దరఖాస్తుతో వస్తాయి. మన తెలుగు రాష్ట్రాల నిబంధనల ప్రకారం గ్రామ స్థాయి కార్యాలయంలో దరఖాస్తుకు రుసుము లేదు, మండల స్థాయిలో 5 రూపాయలు, ఆపైన 10. గడువు 30 రోజులు. వార్త చల్లారిపోతుందని తొందరపెట్టే డెస్కుకు ఈ నెల రోజులు దండగగా కనిపిస్తాయి. కోర్టులో నిలబడ్డ రోజున మాత్రం ఆ నకలుకున్న విలువ మరే వాదనకూ ఉండదు. బహిరంగ రికార్డుల ఆధారంగా రాసినదానికి రక్షణ ఉంటుందని 1994లో ఆర్. రాజగోపాల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. తమిళ పత్రిక నక్కీరన్, ఉరిశిక్ష పడ్డ ఆటో శంకర్ ఆత్మకథను అచ్చువేయబోతే వచ్చిన కేసు అది.

ఫొటో సంగతి కూడా చెప్పాలి. రోడ్డు ఫొటో తీసి వాట్సాప్‌లో డెస్కుకు పంపేసి, ఫోన్లో జాగా చాలక తుడిచేస్తాం. వాట్సాప్‌లో వెళ్ళిన ఫొటో కుదించుకుపోతుంది, తీసిన తేదీ వివరాలు ఊడిపోతాయి. ఎలక్ట్రానిక్ సాక్ష్యానికి కోర్టు సర్టిఫికెట్ అడుగుతుంది. పాత చట్టంలో 65బి అనేవాళ్ళు, ఇప్పుడు భారతీయ సాక్ష్య అధినియంలో 63వ సెక్షన్. అసలు ఫైలు చేతిలో లేకుండా ఆ సర్టిఫికెట్ మీద ఎవరు సంతకం పెడతారు? టేపు కనబడేలా తీసిన అసలు ఫొటోను వేరే చోట దాచుకోండి. కాంట్రాక్టరుకు ఫోన్ చేసి వివరణ అడగండి. ఎత్తకపోతే మెసేజ్ పెట్టి ఆ స్క్రీన్‌షాట్ ఉంచుకోండి. చట్టంలోని మినహాయింపుల్లో చాలావరకు సద్బుద్ధి అన్న మాట మీదే నిలబడి ఉన్నాయి. తగిన జాగ్రత్త తీసుకున్నారా లేదా అన్నదే దాని కొలత. అవతలి వ్యక్తిని అడిగారన్నదానికి మించిన రుజువు దానికి లేదు.

«పేరు రాయకు. ‘ఆరోపణలు వినిపిస్తున్నాయి’ అని పెట్టు»

తెలుగు పత్రికల్లో పాతుకుపోయిన అలవాటు ఇది. ‘ఓ ముఖ్య నేత’, ‘సదరు అధికారి’, ‘విశ్వసనీయ సమాచారం’, శీర్షిక చివర ఒక ప్రశ్నార్థకం. ఎవరి గురించో చదివినవాళ్ళకు తెలిసిపోతే పేరు లేకపోయినా కేసు నిలుస్తుంది. నియోజకవర్గంలో ఒకే ఒక్క మహిళా ఎంపీపీ ఉన్నప్పుడు ‘ఓ మహిళా ఎంపీపీ’ అని రాసి ఏం దాచినట్టు? వెటకారంగా అన్నా, అదో ఇదో అన్నట్టు రాసినా పరువు నష్టమేనని చట్టంలోని వివరణే చెబుతోంది. పైగా ఈ ముసుగు రాతలు సద్బుద్ధి వాదనను బలహీనపరుస్తాయి. ఆధారం ఉంటే పేరు పెట్టి సూటిగా రాయండి, లేకపోతే ఆధారం దొరికేదాకా ఆగండి.

«నేను ఫార్వర్డ్ చేశానంతే» అన్న ధైర్యం కూడా ఈ కోవలోదే. ఒక యూట్యూబ్ వీడియోను రీట్వీట్ చేసినందుకు అరవింద్ కేజ్రీవాల్ మీద నడిచిన కేసులో, పరువు తీసే మాటను మళ్ళీ పంచడం కూడా పరువు నష్టం కిందకే వస్తుందని 2024 ఫిబ్రవరిలో ఢిల్లీ హైకోర్టు చెప్పింది.

«పోలీసులు పిలిచారా? వెళ్ళి కూర్చుని సర్ది చెప్పుకో»

పరువు నష్టం పోలీసులు నేరుగా ఎఫ్ఐఆర్ కట్టదగిన నేరం కాదు. బాధపడ్డ మనిషి మేజిస్ట్రేటు కోర్టులో ప్రైవేటు కంప్లైంటు వేసుకోవాలి. తెలంగాణ హైకోర్టు 2025 సెప్టెంబరులో సోషల్ మీడియా పోస్టుల కేసుల మీద మార్గదర్శకాలు ఇస్తూ ఈ మాటే గట్టిగా చెప్పింది. ఇలాంటి ఫిర్యాదు వస్తే ఫిర్యాదుదారును మేజిస్ట్రేటు దగ్గరకు పంపాలి, యాంత్రికంగా అరెస్టులు చేయకూడదు, రాజకీయ విమర్శ విషయంలో కేసు కట్టే ముందు మరింత జాగ్రత్త పడాలి. అందుకే స్టేషన్ నుంచి ఫోన్ వస్తే, ఏ సెక్షన్ కింద పిలుస్తున్నారో నోటీసు రాతపూర్వకంగా ఇవ్వమని మర్యాదగా అడగండి. ఒక్కరే వెళ్ళకండి. పరువు నష్టం ఒక్కటే పెడితే కేసు కట్టలేరు కాబట్టి వర్గాల మధ్య శత్రుత్వం లాంటి సెక్షన్లు పక్కన తగిలిస్తారు. అలాంటప్పుడు స్టేషన్లో రాజీపడటం కంటే లాయరును పట్టుకుని కేసు కొట్టేయమని హైకోర్టులో క్వాష్ పిటిషన్ వేయడం మేలు.

«బెయిలబుల్ కేసే. వాయిదాకు వెళ్ళకపోయినా ఏం కాదు»

ఏమవుతుందో చెబుతాను. ఒక వాయిదాకు వెళ్ళరు, లాయరు గైర్హాజరు పిటిషన్ వేయడు, మేజిస్ట్రేటు నాన్ బెయిలబుల్ వారెంటు జారీ చేస్తారు. కానిస్టేబుల్ ఇంటికొస్తాడు. పిల్లల ముందు, ఇరుగుపొరుగు ముందు స్టేషన్‌కు నడవాల్సి వస్తుంది. బెయిలబుల్ కేసులో కూడా.

ఈ దశలో చేయాల్సినవి రెండున్నాయి. మొదటిది, కొత్త చట్టం ఇచ్చిన ఒక అవకాశాన్ని వాడుకోవడం. భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 223వ సెక్షన్ ప్రకారం ప్రైవేటు కంప్లైంటును విచారణకు స్వీకరించే ముందే ముద్దాయి మాట వినాలి. పాత చట్టంలో సమన్లు చేతికొచ్చేదాకా మనమీద కేసుందనే తెలిసేది కాదు. ఇప్పుడు ఆ గడప దగ్గరే అడగవచ్చు. ఈ ఫిర్యాది నిజంగా బాధితుడేనా? ప్రచురించి మూడేళ్ళు దాటిందా? నటి ఖుష్బూ 2005లో పెళ్ళికి ముందు సంబంధాల గురించి ఒక పత్రికతో మాట్లాడినందుకు ఎక్కువగా తమిళనాడులో, మొత్తం 23 కేసులు పెట్టారు. ఆమె మాటల్లో ఆ ఫిర్యాదుదారుల ప్రస్తావనే లేదు. వాళ్ళు బాధితులు కారంటూ 2010లో సుప్రీంకోర్టు కేసులన్నీ కొట్టేసింది. గెలిచింది, నిజమే. కానీ మధ్యలో గడిచిన అయిదేళ్ళను ఏ కోర్టూ తిరిగి ఇవ్వలేదు.

రెండోది, సమన్లు వచ్చాక మొదటి హాజరు తప్పకుండా వేసుకుని, ప్రతి వాయిదాకు స్వయంగా రానక్కర్లేకుండా మినహాయింపు కోరడం. 228వ సెక్షన్ కింద అడగవచ్చు. వేరే జిల్లాలోనో వేరే రాష్ట్రంలోనో కేసు వేసినప్పుడు ఇది చాలా ముఖ్యం. పత్రిక ఎక్కడ చదివితే అక్కడ, వీడియో ఎక్కడ చూస్తే అక్కడ కేసు వేసే వీలుండటంతో కావాలనే దూరపు కోర్టును ఎంచుకుంటారు.

మినహాయింపు లేని విలేకరి రోజు ఎలా గడుస్తుందంటే, తెల్లవారి మొదటి బస్సెక్కి పదిన్నరకు కాల్‌వర్క్‌లో పేరు పిలిచేసరికి కోర్టు హాల్లో ఉండాలి. ఫిర్యాది రాలేదు, ఆయన లాయరు టైము అడుగుతాడు. మధ్యాహ్నం భోజనాల తర్వాత బెంచి క్లర్కు కొత్త తేదీ రాస్తాడు. రాసిన వార్తల లెక్కన డబ్బిచ్చే లైన్ అకౌంట్ మీద బతికే కంట్రిబ్యూటరుకు ఆ రోజు రాబడి లేదు, బస్సు చార్జీలు సొంతం, లాయరు ఫీజు సొంతం. అవతలివాడు కోటి రూపాయల నష్టపరిహారానికి సివిల్ దావా వేయాలంటే కోరిన సొమ్మును బట్టి కోర్టు ఫీజు కట్టాలి. క్రిమినల్ కంప్లైంటుకు అలాంటి బరువేమీ లేదు. అందుకే డబ్బున్నవాళ్ళు, పదవిలో ఉన్నవాళ్ళు ఈ దారినే ఇష్టపడతారు. ఫిర్యాది ఎన్నిసార్లు రాలేదో మీ డైరీలో రాసిపెట్టుకోండి. గైర్హాజరు సాగితే కేసు మూసేయమని కోర్టును అడిగే హక్కు మీకుంది.

ఇలాంటి కేసుల్లో శిక్ష ఎక్కడ పడుతుందిలే అనేవాళ్ళకు సూరత్ కోర్టును గుర్తు చేయాలి. 2019లో కోలారు సభలో అన్న మాటకు 2023 మార్చి 23న రాహుల్ గాంధీకి పడింది పూర్తి రెండేళ్ళు. ఎంపీ పదవి పోవడానికి రెండేళ్ళ శిక్షే హద్దు. ఒక్క రోజు తగ్గినా పోయేది కాదు. మర్నాడే సభ్యత్వం పోయింది. ఆగస్టులో సుప్రీంకోర్టు స్టే ఇచ్చాకే తిరిగొచ్చింది. ప్రతిపక్ష నాయకుడికి దేశంలోకెల్లా పెద్ద లాయర్లున్నారు. మండల విలేకరికి ఎవరున్నారు?

«క్షమాపణ రాసిచ్చి చేతులు దులుపుకో»

ఇది సగం మంచి సలహా కాబట్టి ఎక్కువ ప్రమాదకరం. మీరు రాసింది తప్పయితే వెంటనే సవరణ వేయండి. ఏ పేజీలో వార్త వచ్చిందో ఆ పేజీలోనే, అదే సైజులో. పరువు నష్టం రాజీ చేసుకోదగిన నేరం. బాధితుడు ఒప్పుకుంటే కేసు అక్కడితో ముగుస్తుంది. తన కుటుంబం మీద చేసిన వ్యాఖ్యలకు మంత్రి కొండా సురేఖ మీద నటుడు నాగార్జున 2024 అక్టోబరులో నాంపల్లి కోర్టులో వేసిన కేసు, ఏడాది తర్వాత ఆమె క్షమాపణ చెప్పడంతో అలాగే ముగిసింది. వ్యక్తిగత జీవితం మీద పడ్డ మాటకు క్షమాపణ న్యాయమైన పరిష్కారం. ఆ బాధ నిజమైనదే, దాన్ని తేలిగ్గా తీసుకోకూడదు.

కానీ నిజం రాసి, ఆధారాలు చేతిలో పెట్టుకుని, వాయిదాల భయంతో క్షమాపణ చెబితే ఆ కాగితం రేపు మీ తర్వాత రాసే ప్రతివాడి మీదా వాడతారు. పాత్రికేయురాలు ప్రియా రమణి అలా చెప్పలేదు. 2018 అక్టోబరులో, మీటూ వెల్లువలో, అప్పటి కేంద్ర సహాయ మంత్రి ఎం.జె. అక్బర్ తనతో ప్రవర్తించిన తీరు గురించి ఆమె బయటపెడితే, ఆయన క్రిమినల్ కేసు వేశారు. రెండేళ్ళకు పైగా విచారణ నడిచింది. 2021 ఫిబ్రవరి 17న ఢిల్లీ కోర్టు ఆమెను నిర్దోషిగా విడిచిపెడుతూ, స్త్రీ గౌరవాన్ని బలిపెట్టి మరొకరి పరువును కాపాడలేమని చెప్పింది. తనకు జరిగినదాన్ని దశాబ్దాల తర్వాతైనా తనకు నచ్చిన వేదిక మీద చెప్పుకునే హక్కు స్త్రీకి ఉందంది. అక్బర్ దాని మీద హైకోర్టుకు వెళ్ళారు. అయినా, ఫిర్యాదు చేసే ధైర్యం లేక ఆగిపోయిన ఎందరో ఆడవాళ్ళకు ఆ తీర్పు ఒక ఆసరా అయింది. ఆమె మొదటి నెలలోనే క్షమాపణ రాసిచ్చి ఉంటే ఆ ఆసరా పుట్టేదే కాదు.

«ప్రభుత్వం మీద రాస్తే పరువు నష్టం ఎలా వస్తుంది?»

వస్తుంది, దొడ్డిదారిన. ప్రభుత్వమే తన పరువు పోయిందని నష్టపరిహారం దావా వేయడానికి వీల్లేదని రాజగోపాల్ తీర్పు 1994లోనే తేల్చింది. క్రిమినల్ చట్టంలో మాత్రం మంత్రి గురించో అధికారి గురించో, వాళ్ళ విధుల విషయంలో రాస్తే పబ్లిక్ ప్రాసిక్యూటరే సెషన్స్ కోర్టులో కేసు వేయవచ్చు. అంటే విమర్శకు గురైనవాడి కేసును ప్రజల సొమ్ముతో నడిపిస్తారు. జయలలిత హయాంలో తమిళనాడు ఈ దారిని ఎంతగా వాడిందంటే 2016లో సుప్రీంకోర్టే మందలించాల్సి వచ్చింది. 2020 మేలో మద్రాసు హైకోర్టు సంపాదకుల మీద పెట్టిన అలాంటి కేసులు చాలావాటిని కొట్టేసింది. మనదగ్గర 2019 అక్టోబరు 30న ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం జీవో 2430 తెచ్చి, పత్రికలు, ఛానళ్ళ మీద కేసులు వేసే అధికారాన్ని ఆయా శాఖల కార్యదర్శులకు అప్పగించింది. ప్రెస్ కౌన్సిల్ తనంత తానుగా దాన్ని విచారణకు తీసుకుంది. ఏ పార్టీ అధికారంలో ఉన్నా ఈ పనిముట్టు మీద మోజు మాత్రం తగ్గలేదు.

కోర్టుల సహనం మాత్రం తగ్గుతోంది. ముఖ్యమంత్రి రేవంత్ రెడ్డి ఎన్నికల ప్రసంగం మీద తెలంగాణ బీజేపీ వేసిన కేసును హైకోర్టు కొట్టేస్తే, పార్టీ సుప్రీంకోర్టుకు వెళ్ళింది. రాజకీయ పోరాటాలకు ఈ కోర్టు వేదిక కాదని 2025 సెప్టెంబరులో సుప్రీంకోర్టు తోసిపుచ్చింది. అదే నెలలో మరో కేసులో సుప్రీంకోర్టు న్యాయమూర్తి జస్టిస్ సుందరేశ్, పరువు నష్టాన్ని నేరాల జాబితా నుంచి తీసేసే సమయం వచ్చిందని అన్నారు. మీ లాయరుకు ఇవన్నీ తెలిసి ఉండాలి, తెలియకపోతే మీరే చెప్పండి.

«ఎందుకొచ్చిన గొడవ, రాయకపోతే పోలా?»

అన్నిటికంటే చెడ్డ సలహా ఇది. ఎక్కువమంది పాటించేదీ ఇదే. వార్త రాయలేదు కాబట్టి కేసు రాలేదు. కేసు రాలేదు కాబట్టి ఏ లెక్కలోకీ ఎక్కదు. ఆ సిమెంటు రోడ్డు మీద నడిచేవాళ్ళకు మాత్రమే నష్టం తెలుస్తుంది.

2016 మే 13న సుబ్రమణ్యస్వామి కేసులో సుప్రీంకోర్టు ఈ చట్టాన్ని నిలబెట్టింది. గౌరవంగా బతకడంలో పరువు కూడా భాగమేననీ, 21వ అధికరణ దాన్ని కాపాడుతుందనీ, 19(2) కింద ఈ ఆంక్ష సమంజసమేననీ చెప్పింది. 2024లో లా కమిషన్ తన 285వ నివేదికలో చట్టం ఉండాల్సిందేనంది. పరువు విలువైనదన్న మాటతో నాకు పేచీ లేదు. దాన్ని కాపాడటానికి జైలు ఎందుకన్నదే నా పేచీ. ఒక మనిషికీ మరో మనిషికీ మధ్య జరిగిన నష్టాన్ని సివిల్ కోర్టు తేల్చగలదు. ఆ కోర్టు నత్తనడక నడుస్తోందంటే దాన్ని వేగంగా నడిపించాలి గానీ, ఆ వంకతో విలేకరిని ముద్దాయిని చేయకూడదు. మనకీ చట్టాన్ని రాసిచ్చిన ఇంగ్లండే 2009లో క్రిమినల్ లైబెల్‌ను రద్దు చేసుకుంది. శ్రీలంక అంతకుముందే, 2002లో తీసేసింది. ఆ దేశాల్లో ఎవరి పరువూ గాలికి పోలేదు.

పార్లమెంటు ఆ పని చేసేదాకా మనం చేయగలిగినవి కొన్నున్నాయి. కేసు వచ్చిన రోజే ‘ఆయన మా ఉద్యోగి కాదు’ అని తప్పుకునే యాజమాన్యాలను, లీగల్ ఖర్చు భరిస్తామని కంట్రిబ్యూటర్లకు ముందే రాసివ్వమని యూనియన్లు పట్టుబట్టాలి. వార్త వేసుకుని పేజీ నింపుకున్నవాళ్ళు వాయిదా రోజున విలేకరిని ఒంటరిగా బస్సెక్కించడం అన్యాయం. లాయరుకు డబ్బు లేదని వెనక్కి తగ్గకండి. జిల్లా న్యాయ సేవాధికార సంస్థ మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా లాయరును ఇస్తుంది, మిగతావాళ్ళకు ఆదాయ పరిమితిని బట్టి ఇస్తుంది. ఆ ఆఫీసు జిల్లా కోర్టు ఆవరణలోనే ఉంటుంది. నోటీసు నకలు, వార్త వచ్చిన పేపరు, సమాచార హక్కు కింద వచ్చిన కాగితాలు, అసలు ఫొటోలున్న పెన్‌డ్రైవ్ ఒక ఫైల్లో పెట్టుకుని వెళ్ళండి.